కాటుకమ్మ - నాలుగో భాగం

కాటుకమ్మ దెయ్యం వేషంలోనే పుష్పరాణి చనిపోయింది.

బెంగాలీ మహానగరంలో మెటియాబ్రుజ్ పేట. నది ఒడ్డున పాత గోడౌన్. పై అంతస్తులో బస్తాలు దించడానికి వదిలిన పెద్ద తలుపు. దాని కిందే, ఇటుక నేల మీద శవం.

తెల్ల చీర. నల్లగుడ్డు లేని తెల్లటి కళ్ళు.

ఆ కళ్ళతోనే ఆమె మూడు సినిమాల్లో ప్రేక్షకుల్ని వణికించింది. ఇది నాలుగోది. 'కాటుకమ్మ శాపం' అంటూ వార్త అప్పుడే ఫోన్లలో పాకుతోంది. మొదటి భాగం షూటింగ్‌లో జయప్రకాశ్ అనే లైట్‌మన్ కరెంటు షాక్‌తో పోయాడు. అప్పట్నుంచీ ఆ శాపమే సినిమాకి పబ్లిసిటీ.

ఇన్‌స్పెక్టర్ లక్ష్మీసౌజన్య అదే నగరంలోని భవానీపూర్‌లో పెరిగిన తెలుగు మనిషి. షూటింగ్‌కి వచ్చిన యూనిట్‌ని తెలుగులోనే ప్రశ్నించింది.

"మీరేం చూశారు?"

డైరెక్టర్ జయదేవ్ పైనున్న తలుపు చూపించాడు. "లంచ్ బ్రేక్. అందరూ ముందువైపున్నారు. నేను సిగరెట్ కోసం ఇటు వచ్చాను. తలెత్తితే పుష్ప ఆ తలుపు అంచున నిలబడి ఉంది."

"పిలిచారా?"

"అరిస్తే బెదిరిపోతుందేమోనని, వెనక్కి వెళ్ళమని చేత్తో సైగ చేశాను. నన్నే చూసింది. తల అడ్డంగా ఊపి దూకేసింది."

"కారణం?"

"ఐదో భాగంలో ఆ వేషం సమీరకి ఇచ్చాం. తట్టుకోలేకపోయింది."

కొత్త నటి సమీర ఒప్పుకోలేదు. "తనే తప్పుకుంది మేడమ్. నాకు ఆ నడక నేర్పింది కూడా ఆవిడే. రేపు ప్రెస్ మీట్‌లో జయప్రకాశ్ సంగతి చెప్పేస్తానంది. వైరు తెగిందని అతను మొత్తుకున్నా జయదేవ్ సార్ షాట్ ఆపలేదట."

"అబద్ధం," అన్నాడు జయదేవ్.

లక్ష్మీసౌజన్య శవం పక్కన మోకాళ్ళ మీద కూర్చుంది. టార్చ్ వేసి కళ్ళని పరీక్షగా చూసింది. తర్వాత మేకప్ చేసిన మేరీరాణి వైపు తిరిగింది.

"ఈ లెన్సులు ఎక్కడివి?"

"కొత్తవమ్మా. పాతోటికి నడిమజ్జన చిల్లుండేది, దాన్లోంచి చూసీది. 'ఆఖరి సినిమా మేరీ, క్లోజప్‌లో చిల్లు కనపడకూడదు' అని సొంతంగా చేయించుకుంది. షాట్‌లో అందర్నీ అదరగొడతాను, ఎవులికీ సెప్పకు అంది. కళ్ళకి ఎట్టీసి, పైన కుర్చీలో కూకోబెట్టి, టీ తేడానికెల్లాను."

"ఇంకో జత ఉందా?"

మేరీరాణి డబ్బా అందించింది. లక్ష్మీసౌజన్య ఒక లెన్స్‌ని ఎండకెదురుగా పట్టుకుంది. పాలలా తెలుపు. అవతల నదీ లేదు, పడవలూ లేవు.

"జయదేవ్ గారూ, మీ సైగ ఆమెకెలా కనపడింది?"

"అంటే?"

"వీటికి చిల్లు లేదు. పెట్టుకుంటే ఏమీ కనపడదు. కుర్చీలోంచి లేచి ఆ అంచుదాకా రావాలన్నా ఎవరో ఒకరు చెయ్యి పట్టుకోవాలి."

జయదేవ్ మొహం పాలిపోయింది. ఆ డబ్బా వైపు చూశాడు.

"అసలేమీ కనపడదా?"

"కనపడదు."

"అందుకేనా..." అన్నాడు. "చెయ్యి పట్టుకుంటే 'వచ్చావా మేరీ, షాట్ రెడీయా?' అంది. నన్ను ఆటపట్టిస్తోందనుకున్నాను. నవ్వుతూ అంచుదాకా నా వెంట నడిచొచ్చింది."

కానిస్టేబుల్ వచ్చి అతని రెక్క పట్టుకున్నాడు.

మేరీరాణి గోడకి చేరగిలబడి, మెల్లగా నేలమీదికి జారిపోయింది.