గ్రోఫో కోటు ఎవరు తొడుక్కోవాలి?

వోర్జా పొద్దున్నే లేచి కాఫీ కాచింది. మొదటి గుక్క మొగుడి పేరు చెప్పి గుమ్మం బయట ఒలకబోసి, మిగతాది తను తాగింది. తర్వాత క్యాబేజీ ఆకుల్లో మాంసం చుడుతూ కూర్చుంది. ఆ చేతుల జోరు చూస్తే ఏ చింతా లేని మనిషనుకుంటారు. చింతంతా కూతురు తింకాది.

మొగుడు గ్రోఫో పోయి ఆరువారాలైంది. మధ్యాహ్నం ఆయన పేరిట విందు. వాకిట్లో బల్లలు వేశారు, సిబియు ఊరినుంచి చుట్టాలు బయల్దేరారు. మంచం మీద కొత్త నల్లకోటు, చొక్కా, టోపీ, బూట్లు సిద్ధంగా ఉన్నాయి. మా రోమా జిప్సీల్లో పోయినాయన ఈడువాడు, ఒడ్డూపొడుగూ కలిసినవాడు ఎవరో ఒకరు వాటిని తొడుక్కుని విందులో కూర్చోవాలి. ఇక్కడ వాడు తొడుక్కుంటేనే అక్కడ, పైలోకంలో, ఆయన ఒంటిమీదికి బట్ట చేరుతుంది. ఆ మనిషే ఇంకా ఖరారు కాలేదు.

"అమ్మా, ఎవరో ఒకరి పేరు చెప్పవే. మిలోష్ పెదనాన్న?"

"ఆ పొట్ట చూశావా? గుండీలు ఎగిరి సూపులో పడతాయి."

"పోనీ బుర్త్యా బాబాయ్?"

"ఒళ్ళొంచి సుత్తి పట్టని బద్ధకస్తుడు. మీ నాన్న బట్టలు వాడికా?"

"మరి జుర్కా బాబాయ్? కొలతలు అచ్చం నాన్నవే. జీవితమంతా కలిసి రాగి కాగులు సాగగొట్టారు."

"కుంటుతాడు."

"నాన్నా కుంటుతూనే నడిచేవాడు కదమ్మా!"

"అందుకే వద్దు."

తింకాకి బుర్ర తిరిగిపోయింది. లావంటే వద్దు, బద్ధకమంటే వద్దు, అచ్చంగా సరిపోయినవాడైతే అసలే వద్దు! నాన్నమీద కోపమా? ఇద్దరూ కొట్లాడుకున్న మాట నిజమే. ఆ కేకలకి పక్క వీధి వాళ్ళు కిటికీలు మూసుకునేవాళ్ళు. కానీ ఆయన జ్వరంతో పడుకుంటే ఈవిడ పచ్చి మంచినీళ్ళు ముట్టలేదు. మరి ఈ మొండితనం దేనికో ఎంత ఆలోచించినా పాలుపోలేదు. చివరికి అమ్మకి చెప్పకుండా జుర్కాకి కబురు పెట్టింది.

జుర్కా నున్నగా గడ్డం గీసుకుని వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. వోర్జా ఒక్క ఉదుటున లేచి మంచం మీది కోటు లాక్కుంది.

"నిన్నెవరు రమ్మన్నారు?"

"తింకా పిలిచింది వదినా. పొమ్మంటే పోతా."

"పో అయితే!"

"ఆగు బాబాయ్!" తింకా గొంతు పెంచింది. "చుట్టాలంతా వస్తున్నారమ్మా! నాన్నని అక్కడ ఒంటిమీద బట్టలేకుండా నిలబెడతావా? అసలు నీకేం కావాలి? నాకేమీ అర్థం కావట్లేదు!"

"నాకు మాత్రం అర్థమై చస్తోందా!" వోర్జా కోటుని గుండెకి హత్తుకుని మంచం మీద కూలబడింది. "వీడు ఇది తొడుక్కుని, తిని, గుమ్మం దాటతాడు. వీడితోపాటే మీ నాన్నా దాటేస్తాడు. ఇన్నాళ్ళూ ఇక్కడే తిరుగుతున్నాడు కదాని పొద్దునా సాయంత్రం తిట్టుకుంటున్నానే. వింటున్నాడని ధైర్యం. రేపట్నించి ఎవర్ని తిట్టను?"

పొట్ట, బద్ధకం, కుంటికాలు, అన్నీ వంకలే. అమ్మ నాన్నని చలిలో వదిలేస్తోందనుకుంది తింకా గానీ, పోనివ్వలేక పట్టుకుందని తోచలేదు. తల్లి మోకాళ్ళ దగ్గర కూర్చుని భోరుమంది.

"నన్ను తిట్టుకోవే అమ్మా."

"నువ్వు తిరిగి తిట్టవు కదే పిచ్చిదానా. ఆయన తిట్టేవాడు."

బయట మొదటి వ్యాను వచ్చి ఆగింది. జుర్కా మెల్లగా అన్నాడు. "వదినా, వాడు చలికి తట్టుకోలేడు. కొలిమి పక్కన కూర్చుని కూడా వణికేవాడు. నీకు తెలీనిదా?"

వోర్జా చాలాసేపు కోటు చేతిని నిమురుతూ ఉండిపోయింది. తర్వాత లేచి, దాన్ని విప్పి పట్టుకుంది.

"చెయ్యి దూర్చు."

ఒక్కో గుండీ తనే పెట్టింది. కాలరు సర్ది, "ఇప్పుడు వెచ్చగా ఉందా?" అని అడిగింది. ఎవర్ని అడిగిందో తింకాకి తెలియలేదు. జుర్కాకీ తెలియలేదు, కానీ తలూపాడు. 

ఇది ఆయనకి చేరుగాక అని మా భాషలో అనాలి.

"తె అవెల్..." అని వోర్జా సగంలో ఆగి, కోటు కాలరు గట్టిగా పట్టుకుంది.

"...అంగ్లా లెస్తె," అంటూ తింకా పూర్తిచేసి, తల్లి చెయ్యి పట్టుకుంది.