హాలిఫాక్స్‌లో వెల్కోవ్ గుండెపోటు

"సినిమా దర్శకుడు వెల్కోవ్ కారు కింద బాంబు పెట్టారు. వెంట్రుకవాసిలో బతికిపోయాడు. ఆయన్ని కూడా సేఫ్‌హౌస్‌కే తీసుకెళ్లు," అంది నిఘా సంస్థ అధికారి రూపవతి ఫోన్‌లో.

ఏజెంట్ చక్రధర్ నొసలు ముడిచాడు. "మేడమ్, అక్కడ ధరణి ఉంది కదా!"

"హాలిఫాక్స్‌లో మనకున్నది ఆ ఒక్క ఇల్లే. ధరణి కోర్టులో సాక్ష్యం చెప్పేదాకా ఇద్దర్నీ నువ్వే చూసుకో."

ధరణి హైదరాబాదు నుంచి వచ్చిన సాఫ్ట్‌వేర్ ఇంజినీరు. నేవీ కోడ్‌లు దొంగిలిస్తున్న విదేశీ ముఠాను పట్టిచ్చింది ఆమే. ఆర్సెనీ వెల్కోవ్ సోవియట్ కాలపు సినిమా మనిషి. ఇరవై ఏళ్లకే నటుడు, ఆ తర్వాత రచయిత, చివరికి దర్శకుడు. నాలుగో సినిమాను సెన్సారు వాళ్లు తాళం వేసి దాచేస్తే, దేశం వదిలి కెనడా చేరాడు. ఈ మధ్య ఒక ఇంటర్వ్యూలో తను వదిలొచ్చిన దేశపు పెద్దలను తిట్టిపోశాడు. బాంబు అందుకేనని అందరూ నమ్మారు.

ముసలాయన ఇట్టే కలిసిపోయాడు. ధరణి చారు పోస్తే గిన్నె ఎత్తి తాగేవాడు. "తాతగారూ" అంటే ఏమిటో అడిగి తెలుసుకుని, మర్నాటి నుంచి ఆమెను "మనవరాలా" అని తెలుగులోనే పిలిచేవాడు. షూటింగుల కబుర్లు చెబుతుంటే చక్రధర్ డ్యూటీ మరిచిపోయి వినేవాడు. కానీ తలుపు చప్పుడైతే చాలు, ఆయన వణికిపోయేవాడు. ఆ వణుకు చూడలేక చక్రధర్ రూల్ తప్పాడు.

"భయపడకండి. మనవాళ్లయితే ముందు 'నీలిపడవ' అంటారు. అది వింటేనే తలుపు తీస్తాను."

ఆయనకు బయటి నుంచి వచ్చే ఫోన్ ఒక్కటే. ఆయన సినిమాల పండుగ నిర్వహిస్తున్న ఏనీ చేసేది. అందగత్తె, మాటకారి, సంస్థకు నమ్మకమైన ఇన్‌ఫార్మర్ కూడా. ఆమెకు వెల్కోవ్ ఏవో కొత్త కథలు చెబుతుంటే చక్రధర్ వింటూ ఊరుకున్నాడు.

పొగమంచు కమ్మిన ఒక మధ్యాహ్నం వెల్కోవ్ గుండె పట్టుకుని కూలిపోయాడు. చక్రధర్ 911కి ఫోన్ చేశాడు. ధరణి మేడ మీంచి పరిగెత్తుకొచ్చింది.

"తాతగారూ! కళ్లు తెరవండి!"

అంతలోనే బెల్ మోగింది. ఇంటర్‌కమ్‌లో ఆడగొంతు: "పారామెడిక్స్. నీలిపడవ."

చక్రధర్ చెయ్యి తాళం మీదే ఆగిపోయింది. తను పిలిచింది మామూలు అంబులెన్సును. వాళ్లకు ఆ మాటెలా తెలుసు? సంస్థ అధికారులు కాక అది తెలిసింది నేల మీద మూలుగుతున్న ఈ మనిషికొక్కడికే. నిన్నటి ఫోన్‌ కథలో ఒక నీలిపడవ ఉందని అప్పుడు గుర్తొచ్చింది.

లోపలి తలుపు ముట్టుకోకుండా, బటన్ నొక్కి బయటి తలుపు మాత్రం తీశాడు. మాస్కు పెట్టుకున్న పారామెడిక్ రెండు తలుపుల మధ్యకు వచ్చింది. లోపలి తలుపు అద్దంలోంచి ధరణిని చూడగానే ఆక్సిజన్ బ్యాగులోంచి తుపాకీ తీసింది. చక్రధర్ రెండో బటన్ నొక్కాడు. ఉక్కు షట్టర్ ధడాలున దిగింది. తూటా దానికి తగిలి ఖంగుమంది. బయటి తలుపు అప్పటికే మూసుకుపోయింది. బోనులో పడ్డ మనిషి మాస్కు లాగేసింది. ఏనీ!

అసలు అంబులెన్సు, పోలీసులు వచ్చేసరికి రోగి లేచి కూర్చున్నాడు.

"నా నాలుగో సినిమాకు ఒక్క ప్రింటే మిగిలింది," అన్నాడు తల దించుకుని. "ఈ అమ్మాయిని అప్పగిస్తే అది ఇస్తామన్నారు ఆ ముఠావాళ్లు. బాంబు కథ నేనే రాశాను."

"నన్ను చంపేస్తారని తెలుసా మీకు?" అంది ధరణి.

"తెలుసు."

"పొద్దున కూడా మనవరాలా అన్నారు కదండీ..."

ధరణి మొహం తిప్పుకుని మేడెక్కి వెళ్లిపోయింది.

సంకెళ్లు వేస్తుంటే ఏనీ నవ్వింది. "ప్రింటా? ఆ రీళ్లను ఎప్పుడో కరిగించి, ఫిల్ములో ఉండే వెండి తీసుకున్నారు."

ఆ మాట వెల్కోవ్‌కు చెప్పకుండా ఉండాల్సింది. చక్రధర్ చెప్పాడు. చెప్పినందుకు బాధపడలేదు.

ముసలాయన మెల్లగా అడిగాడు. "నన్ను పట్టించింది 'నీలిపడవ' మాటేనా, నా నటనా?"

"మాటే. నటన నమ్మాను. అదే నా ఖర్మ."

ఆ ముఖం వెలిగింది. లేచి, కోటు సర్దుకుని, గుమ్మం దగ్గర గది వైపు తిరిగి ఒక్క క్షణం ఆగాడు.

ఎవరూ చప్పట్లు కొట్టలేదు.