బావిలో ఎర్రగీత

“మైకూ! గీత బయటపడిందా?” చేను అవతలి కొస నుంచి నాన్న కేకేశాడు.

బావి గట్టు మీద కూర్చున్న అమ్మాయి లోపలికి తొంగి చూసింది. గోడ మీది ఎర్రగీత ఎప్పుడో బయటపడింది. దాని కింది రాళ్లు కూడా తడితడిగా కనబడుతున్నాయి.

“ఇంకా లేదు నాన్నా!” అంది.

ఆ పిల్ల గొంతు రెండు చేలు దాటి వినబడుతుంది. బళ్లో టీచరు పెట్టిన ‘మైకు’ పేరు ఇంట్లోనూ అతుక్కుపోయింది. నాన్న దూరంగా మడులకు నీళ్లు మళ్లిస్తుంటాడు కాబట్టి, గీత బయటపడగానే అరవడం ఆమె పని. అరిస్తే నాన్న వచ్చి మోటారు ఆపాలి.

బావి రెండు చేల సరిహద్దులో ఉంది. నీళ్ల దగ్గర గొడవపడి నాన్నా, పక్కచేను అత్తా కోర్టుకెక్కారు. ఒకరోజు వీళ్లు, ఒకరోజు వాళ్లు తోడుకోవాలంది కోర్టు. ఎవరు తోడినా కోర్టు గీయించిన ఎర్రగీత దాకానే. అప్పుడే ఊట నీళ్లతో మర్నాటికి బావి నిండుతుంది.

ఇదంతా మైకుకు తెలుసు. కానీ ఆలస్యంగా అరిచిన రోజు మడులన్నీ తడిసేవి. నాన్న మొహం విచ్చుకునేది. ఆ మొహం కోసమే తమ వంతు వచ్చినప్పుడల్లా ఇంకాస్త ఆలస్యం చేసేది.

అవతల అత్త టమాటా తోట వాడిపోసాగింది. అత్త మళ్లీ ఫిర్యాదు చేసింది. చూసి రమ్మని కోర్టు ఒక వకీలును పంపింది. ఆయన వచ్చేసరికి ఊట నీళ్లు గీతను కాస్త ముంచేశాయి.

“వీళ్లు గీత దాటి తోడేస్తున్నారండీ! నా వంతు రోజున మోటారు వేసీ వేయగానే ఆపాల్సి వస్తోంది,” అంది అత్త.

“నోటికొచ్చినట్టు మాట్లాడకు! గీత చూసేది మా అమ్మాయి. చిన్నపిల్ల అబద్ధమాడుతుందా?” అన్నాడు నాన్న.

వకీలు మైకు వైపు తిరిగాడు. “నువ్వు చెప్పమ్మా. గీత కనబడగానే పిలుస్తావా?”

అత్త వెనక ఆమె కూతురు పొట్టిజడ నిలబడి ఉంది. బళ్లో ఇద్దరిదీ ఒకే బెంచీ.

“పిలుస్తానండీ,” అంది మైకు. అంత గొంతూ ఎక్కడికి పోయిందో, వకీలు రెండోసారి చెప్పించుకున్నాడు.

“పసిపిల్లే చెబుతోందిగా,” అంటూ ఆయన వెళ్లిపోయాడు.

ఆ తర్వాత పొట్టిజడ బడికి రావడం మానేసింది. ఒక సాయంత్రం రోడ్డు పక్క కుళాయి దగ్గర కనబడింది. బకెట్లతో తోటకు నీళ్లు మోస్తోంది. అరచేతుల నిండా బొబ్బలు.

“బడికెందుకు రావట్లేదే?” అంది మైకు.

“నేనొస్తే మొక్కలకి నీళ్లెవరు పోస్తారు, నువ్వా?” అంది పొట్టిజడ. “అందరి ముందూ మా అమ్మని అబద్ధాలకోరుని చేశావు.”

బకెట్టెత్తుకుని వెళ్లిపోయింది.

ఇంటికి రాగానే మైకు నాన్న ముందు ఏడ్చేసింది. “గీత దాటాకే అరుస్తున్నాను నాన్నా. వకీలుగారికి అబద్ధం చెప్పాను.” వీపు విమానం మోత మోగుతుందనుకుంది.

“తెలుసులే,” అన్నాడు నాన్న, పారకంటిన మట్టి గీకుతూ. “మడులు ఎంత తడిశాయో నాకు తెలీదా? పెద్దవాళ్ల గొడవలు నీకెందుకు? వెళ్లి చదువుకో.”

కొట్టినా బాగుండేది. మైకుకు మొదటిసారి నాన్నను చూస్తే సిగ్గేసింది.

మళ్లీ తమ వంతు వచ్చింది. మైకు గట్టు మీద నిలబడే ఉంది. ఎర్రగీత అలా తేలిందో లేదో అరిచింది.

“ఎర్రగీత!”

నాన్న వినబడనట్టే కాలువలో మట్టి లాగుతున్నాడు.

మైకు పక్కచేను వైపు తిరిగింది. “అత్తా! ఎర్రగీత బయటపడింది! మా మోటారు ఇంకా నడుస్తోంది! ఇన్నాళ్లూ ఇంతే! వకీలుగారికి నేనే అబద్ధం చెప్పాను!”

రోడ్డు మీద పోయేవాళ్లు ఆగి చూశారు. అత్త తోటలోంచి బయటికొచ్చింది. నాన్న మొహం కందగడ్డలా చేసుకుని వచ్చి మోటారు ఆపాడు. పార భుజాన వేసుకుని వెళ్లిపోయాడు.

పొట్టిజడ తలెత్తలేదు. ఎండిన మొక్కలు వదిలేసి, మిగిలినవాటికి నీళ్లు పోస్తోంది.

మైకు మోటారు గదిలోని బకెట్టు తీసుకుని కుళాయి వైపు నడిచింది. ఆమెను ఎవరూ పిలవలేదు.