పేకమేడ కట్టే పిల్లాడు

మా రొట్టెల కొట్టు పక్కిల్లు మంచిది కాదని పారిస్‌లో సగం మందికి తెలుసు. బొమ్మలేసే లుబాన్ పోయాక అందులో ఎవరూ దిగలేదు. చీకటిపడ్డాక లాంతరు పట్టుకుని అటు వెళ్తే, కిటికీలోంచి ఒక పిల్లాడు కనిపిస్తాడట... చలి కాచుకునే గోడ పొయ్యి ముందు కూర్చుని పేకమేడ కడుతూ. ఆ మేడ కూలదు. వాడు తలెత్తడు.

చదువుకున్నవాళ్లు కూడా శిలువ గుర్తు వేసుకుని అవతలి పక్కన నడిచేవాళ్లు. ఏం చదువులో, తగలెయ్యనా!

వాళ్లందర్లోకీ ఘనుడు వార్నెల్ దొర. దెయ్యాలు మూర్ఖులకే కనిపిస్తాయని ఓ గొప్పింటావిడ విందులో కోతలు కోశాడు. "అయితే వెళ్లి ఆ పేకముక్క ఒకటి పట్రండి" అందావిడ. తేకపోతే ఇక ఊళ్లో తలెత్తుకోలేడు. నవంబరు చలిలో బయల్దేరాడు — ముందు నౌకరు గిల్బేర్, వెనక తను. తర్వాత జరిగిందంతా గిల్బేరే మా కొట్లో కూర్చుని చెప్పాడు.

తలుపు కిర్రుమంది. లాంతరు వెలుగులో... ఉన్నాడు. ఎర్రటి బుగ్గలు. చేతిలో పేకముక్క. కదల్లేదు.

"నువ్వెళ్లరా," గొణిగాడు దొర.

"తేవాల్సింది తమరు కదండీ."

అప్పుడు — పిల్లాడు దగ్గాడు.

దొర గిల్బేర్ వీపుకి కరుచుకుపోయాడు. పెట్టుడు జుట్టు జారి ముక్కు మీద పడింది. గిల్బేరే ఆయన్ని ఈడ్చుకుంటూ వెళ్లి, చెయ్యి చాపి పిల్లాణ్ణి ముట్టుకున్నాడు.

చెక్క. ఎండాకాలంలో పొయ్యి నోటికి అడ్డం పెట్టే బొమ్మపలక, దాని మీద లుబాన్ వేసిన పిల్లాడు. దొరగారింట్లోనే అలాంటివి నాలుగున్నాయి. చలికాలం రాగానే తీసేందుకు ఈ ఇంట్లో మనిషి లేడు, అంతే.

మళ్లీ దగ్గు... పలక వెనకనుంచి.

గిల్బేర్ దాన్ని పక్కకి జరిపాడు. పొయ్యి గూట్లో ఆరేళ్ల పిల్ల, గోనెసంచిలో ముడుచుకుని ఉంది. ఆ గోడకి ఇవతలే మా రొట్టెల పొయ్యి. ఆ వెచ్చదనానికి చేరింది. గోడ పక్కనే ఉండి కనుక్కోలేదు నేను, నా బతుక్కీ సిగ్గులేదు.

దొర పిల్లని చూడలేదు. లాంతరు లాక్కుని పలకనే చూస్తున్నాడు. "ఆహా, ఏం పసితనం... ఏం అమాయకత్వం..." కళ్లు తుడుచుకున్నాడు. "ముక్కెందుకు, బొమ్మే పట్టుకుపోదాం."

"దొరగారూ," పిల్ల మెల్లగా అంది, "అది తీసేస్తే చలిగాలి కొడుతుందండీ. నిన్న పలక పడిపోతే, తెల్లారేసరికి నా కాళ్లు కొయ్యబారిపోయాయి."

దొర తన ఉన్ని కోటు విప్పాడు. గిల్బేర్‌కి ప్రాణం లేచొచ్చింది. ఎంత వెధవైనా మనిషే కదా అనుకున్నాడు.

ఆ కోటు పలకకి చుట్టాడు.

"జాగ్రత్తగా ఎత్తరా," అన్నాడు దొర. "పిల్లాడి బుగ్గకి గీత పడిందో, నీ తోలు వలుస్తాను."