మిషన్ చెప్పిన సాక్ష్యం

మా ఇంటి ముందు గదే నా కొట్టు. కిటికీ పక్కన కాలితో తొక్కే కుట్టు మిషన్, గోడవారగా గుడ్డల మూటలు, మూలన ఇస్త్రీ బల్ల. నేను ప్యాంట్ల టైలర్ని. పోయినేడు ఓ లారీ నా కుడికాలిని మోకాలి దాకా తినేసింది. టైలరు పని చేతులతో చేసేది కాబట్టి కాలు పోయినంత మాత్రాన సంపాదన పెద్దగా పోదని, నష్టపరిహారం కేసులో జడ్జిగారు తేల్చారు. ఆయన తొడుక్కున్న ప్యాంటుకి మిషన్ ఏ చేతులతో తొక్కారో మరి. ఇప్పించిన సొమ్ము ఆసుపత్రి బాకీకే చాలలేదు.

పరిహారం పెంచమని పై కోర్టులో అప్పీలు వేశాం. మా వకీలు మంచివాడే, నోరే మంచిది కాదు. కాగితాలు సర్దుకుంటూ, రెండు కాళ్ళూ పోయుంటే కేసు ఇంకా గట్టిగా ఉండేదయ్యా అన్నాడు. నేనూ నవ్వాను. ఏడవలేక నవ్వడం ఈమధ్య బాగా అలవాటైంది.

ఆ వారంలోనే మొదలైంది. చీకటి పడే వేళకి ముందు గదిలో మిషన్ నడిచేది. ముందు నూనె వాసన. తర్వాత టక్... టక్... అని కుంటి చప్పుడు. ఇన్నేళ్ళు తొక్కినవాణ్ణి, వీధి చివర నుంచి విన్నా చెప్పగలను, తొక్కేది రెండు పాదాలో ఒకటో. అది ఒక్క పాదం. నా దగ్గర లేనిది. మా ఆవిడ మిషన్ చక్రం బెల్టు ఊడదీసి బీరువాలో దాచింది. అయినా నడిచింది. ఎవరితోనూ అనలేదు. నేను మళ్ళీ కుడుతున్నానని నలుగురూ అనుకుంటే అప్పీలు గోవిందా.

నిన్న సాయంత్రం వాన. కరెంటు పోయింది. లారీ ఇన్సూరెన్సు కంపెనీ తరఫున విచారణకని ఒకాయన గొడుగుతో వచ్చాడు. మా ఆవిడ దీపం పట్టుకుని ఆయన్ని లోపల మంచం మీదున్న నా దగ్గరికి తీసుకొచ్చింది. పని చేయగలుగుతున్నారా అని మర్యాదగానే అడిగాడు. బొత్తిగా లేదండీ అన్నాను.

అప్పుడే నూనె వాసన వచ్చింది.

టక్... టక్...

"ఎవరు కుడుతున్నారు?"

"ఎవరూ లేరండీ."

ఆయన దీపం అందుకుని ముందు గదిలోకి నడిచాడు. చంకకర్ర మీద నేనూ వెనకే వెళ్ళాను. గది ఖాళీ. వీధి తలుపు గడియ వేసే ఉంది. బెల్టు లేని చక్రం తిరుగుతోంది. పెడల్ మీద కుడివైపు తడి పాదం అచ్చు... చూస్తుండగానే ఆరిపోయింది. చక్రం ఆగింది. ఆయన మొహంలో నెత్తురు చుక్క లేదు.

"పనివాణ్ణి పెట్టుకున్నట్టున్నారు," అన్నాడు గొంతు తగ్గించి.

"ఎక్కడున్నాడో చూపించండి."

"మరేమని రాయమంటారు? దెయ్యం కుడుతోందనా?"

ఆయన దీపం ఇస్త్రీ బల్ల మీద పెట్టి పెన్ను తీశాడు. రాశాడు, కొట్టు నడుస్తోందని. గొడుగు మరిచిపోయి వానలోనే వెళ్ళిపోయాడు.

కాలు తీసేసిన రోజు కూడా నేను ఏడవలేదు. నిన్న ఏడ్చాను. నా కాలే వచ్చి నా నోట్లో మట్టి కొట్టింది.

సూది కింద ఇరుక్కున్న గుడ్డని మా ఆవిడ మెల్లగా లాగింది.

"ఏమండీ... ఇది మీ కొలతే."

ప్యాంటు. కుడికాలు మోకాలి దగ్గర మూసి కుట్టేసి ఉంది. అది సరే అనుకున్నాను. ఎడమకాలూ అంతే. అదే ఎత్తులో, అచ్చం నా కుట్టే. వకీలు అన్న మాట గుర్తొచ్చింది. ఆ మాట నేనొక్కణ్ణే వినలేదన్నమాట. విన్నదేదో నాకు మేలు చేద్దామనుకుంటోంది.

ముందు గదికి గడియ పెట్టి, తాళం వేసి పడుకున్నాం.

ఇప్పుడు తెల్లవారుతోంది. మా ఆవిడ ఇంకా లేవలేదు. తాళం వేసిన గదిలో మిషన్ నడుస్తోంది. ఈసారి కుంటడం లేదు... వయసులో నేను తొక్కినట్టు, రెండు పాదాలతో, ఆగకుండా సాగిపోతోంది.

నడుం దాకా దుప్పటి ఉంది. తీసి చూసుకోవాలి.

చెయ్యి రావడం లేదు.