చూసినవాళ్ళని కోసెయ్

డాక్యుమెంటరీ సినిమాలు తీసే ఆ పెద్దాయనకి ఒకటే పద్ధతి. ఉన్నదున్నట్టు తియ్యాలి. అడగకూడదు, చెప్పకూడదు, పాటలు పెట్టకూడదు. "గోడ మీద బల్లి వచ్చి బాగున్నారా అంటుందా?" అనేవాడు. షూటింగు మధ్యలో ఎవరినో బాగున్నారా అని అడిగినందుకు ఒక కెమెరామన్‌తో పాతికేళ్ళుగా మాటల్లేవు. ఎవరైనా కెమెరా కంట్లోకి చూశారా, ఆ ముక్క పనికిరాదు. కోసెయ్యాల్సిందే.

ఆ మధ్యాహ్నం ఎడిటింగు గదిలో ఆయనా, కోడలూ కూర్చున్నారు. కిటికీలకి నల్ల కాగితం. వేడెక్కిన మిషన్ల వాసన. ఆయన నోటికి జడిసి అందరూ వెళ్ళిపోయాక మిగిలింది ఆ పిల్లొక్కతే. తెరమీద బట్టలుతికే పెద్ద కార్ఖానా. గిరగిర తిరిగే డ్రమ్ములు. ఆవిరి. ఆ ఆవిరి వెనక ఒకావిడ, నిలువునా తడిసిపోయి, కెమెరాకేసే చూస్తోంది.

"కోసెయ్."

"మామయ్యా, షూటింగప్పుడు ఈవిడ అక్కడ లేదు. మైకు పట్టుకుంది నేనే కదా."

"నువ్వు సరిగ్గా చూసి ఏడిస్తే కదా! ఇదేమన్నా పెళ్ళి వీడియోనా, ఎవరు పడితే వాళ్ళు పళ్ళికిలించడానికి? కోసెయ్."

కోసింది. తర్వాతి షాటులో ఆవిడ ఇంకాస్త దగ్గరికొచ్చింది. అదీ కోసింది. ఆ తర్వాతి దాంట్లో తెరనిండా మొహమే... జుట్టులోంచి నీళ్ళు కారుతున్నాయి.

"కోసెయ్యమన్నానా!"

కోసింది. డ్రమ్ముల చప్పుడు ఆగిపోయింది.

తెరమీద ఒక చీకటి గది. కిటికీలకి నల్ల కాగితం. రెండు కుర్చీలు. రెండు వీపులు. అందులో ఒకటి ఆయనది.

కెమెరా వాళ్ళ వెనకాలే ఉంది. కుదుపు లేదు, తొందర లేదు. ఎవర్నీ పలకరించదు. అచ్చం ఆయన పద్ధతే.

గదిలో సబ్బు వాసన...

"మామయ్యా..." అంది ఆ పిల్ల. "మన వెనక... ఎవరు?"

ఆయన చెయ్యి ఎత్తాడు. తెరమీద చెయ్యీ లేచింది. ఉన్న ఒక్క తలుపూ వెనకే. లేచి వెళ్ళాలంటే అటు తిరగాలి. తిరిగితే కెమెరా కంట్లో పడతారు.

"చూడకు," గొణిగాడు. "చూసినవాళ్ళని కోసేస్తారు. తెరకేసే చూడు తల్లీ."

పుట్టి బుద్ధెరిగాక ఎవర్నీ తల్లీ అన్న మనిషి కాదు. ఆ పిల్ల చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు.

తెరమీద కోడలి తల కొంచెం కదిలింది.

"వద్దు..."

ఇంకొంచెం తిరిగింది.

టక్.

తెరమీద ఒకటే వీపు. పక్క కుర్చీ ఖాళీ.

ఆయన పక్కకి చూడలేదు. ఓరకంటికైనా ఆ కెమెరా తగులుతుందేమోనని భయం. "అమ్మాయీ..." అన్నాడు, తెరకేసే చూస్తూ.



చెయ్యి మాత్రం ఇంకా ఆయన గుప్పెట్లోనే ఉంది. తడిగా. వేళ్ళు మెల్లగా బిగుస్తున్నాయి...