నూట ముప్పై ఒకటో చుట్టు

మొదట నా దగ్గర ఉన్నది రెండు వందల అరవై మీటర్ల ఫిల్ము. డెన్మార్కు నుంచి తెప్పించిన మూగ సినిమా, ఒకటే రీలు. పడవ మునిగి చనిపోయాడనుకున్న జాలరి చివర్లో తిరిగొచ్చి పెళ్లికూతుర్ని కౌగిలించుకుంటాడు.

హాలు యజమాని పోర్ఫిరీ పెదవి విరిచాడు. "మన ఒదెస్సాలో కౌగిలింతలు ఎవడిక్కావాలిరా జఖార్? ఏడుస్తూ బయటికెళ్లినవాళ్లే మళ్లీ టికెట్టు కొంటారు. ఆ పిల్లను చంపెయ్."

చివరి ఇరవై మీటర్లు కత్తిరించాను. సరిగ్గా అదే కొలతకు కొత్త ముగింపు నేనే తీశాను. మార్చి నెల, సముద్రం ఒడ్డున. బట్టలు కుట్టే గ్లఫీరాకు పెళ్లి ముసుగు వేసి నీళ్లలోకి నడవమన్నాను.

"మోకాళ్ల దాకా చాలదా? నీ బొమ్మ కంటే నా కాళ్లు ఖరీదు బాబూ," అని నవ్వింది.

"ఇంకా లోపలికెళ్లు. నేను చెప్పేదాకా వెనక్కి తిరగకు."

ఇరవై మీటర్లంటే కెమెరా పిడి నూట ముప్పై చుట్లు. తొంభయ్యో చుట్టు దగ్గర ముసుగు నీళ్లలో కలిసిపోయింది. నేను తిప్పుతూనే ఉన్నాను. నూట ముప్పై దాకా.

శవం దొరకలేదు.

ఆదివారం మధ్యాహ్నం మొదటి ఆట. రెండు వందల మంది, ఒకటే తలుపు. ప్రొజెక్టరు పిడి నా చేతిలోనే ఉంది. కాలుతున్న దుమ్ము వాసన, పియానో, ముక్కులు చీదే చప్పుడు. చదువురానివాళ్ల కోసం తెర మీది అక్షరాలు పైకి చదివే పోర్ఫిరీ కూడా కళ్లు తుడుచుకున్నాడు. నా వైపు వంగి గుసగుసలాడాడు. "గట్టివాడివిరా. నిజంగానే చంపేశావు."

కొత్త ముగింపు మొదలైన దగ్గర్నుంచి చుట్లు లెక్కపెడుతున్నాను. నూట ఇరవై తొమ్మిది. నూట ముప్పై. ఇక తెర తెల్లబడాలి.

నూట ముప్పై ఒకటి... నీళ్లు కదిలాయి. ముసుగు పైకి లేచింది.

ఫిల్ము చుట్టి ఉండే పై చక్రం వైపు చూశాను. ఖాళీ. ఫిల్ము మాత్రం వస్తూనే ఉంది... తడిగా.

ఆపితే దీపం వేడికి ఫిల్ము భగ్గుమంటుంది. హాలంతా బూడిద. తిప్పాను. ఆమె వీపు మావైపే ఉంది. వెనకడుగులు వేస్తూ దగ్గరికొస్తోంది. ఒక్కసారీ తిరగలేదు. నూట అరవై... నీళ్లు నడుము దాకా. రెండు వందలు... ముసుగు తెరంతా నిండింది. పియానో ఆగింది.

అక్షరాలు పడ్డాయి. పోర్ఫిరీ అలవాటుగా పైకి చదివాడు.

"ఇక తిరగనా, జఖార్?"

అన్ని తలలూ నావైపు తిరిగాయి. చీకట్లో పిడి బరువెక్కింది. నా వేళ్ల మీద చల్లని వేళ్లు... వేగం తగ్గిస్తున్నాయి... ఆపబోతున్నాయి.

జవాబు చెప్పడానికి నోరు తెరిచాను.